టోబియాస్ లిండ్‌హోల్మ్: తొలి దశ (2007–2015)

టోబియాస్ లిండ్‌హోల్మ్ డెన్మార్క్‌కు చెందిన సినిమా రచయిత, దర్శకుడు. 1977 జూలై 5న నేస్ట్‌వెడ్ పట్టణంలో పుట్టాడు. 2007లో కోపెన్‌హాగన్‌లోని జాతీయ చలనచిత్ర పాఠశాలలో స్క్రీన్‌ప్లే రచన చదువు ముగించాడు. తర్వాతి ఎనిమిదేళ్లలో ‘ఆర్’ (2010), ‘ఎ హైజాకింగ్’ (2012), ‘ఎ వార్’ (2015) అనే మూడు సినిమాలు తీశాడు. వీటిలో మొదటిది మైకేల్ నోయర్‌తో కలిసి తీసినది. ఇదే కాలంలో థామస్ వింటర్‌బెర్గ్ దర్శకత్వం వహించిన ‘సబ్‌మరీనో’ (2010), ‘ది హంట్’ (2012) సినిమాలకు సహరచయితగా ఉన్నాడు. డెన్మార్క్ ప్రభుత్వ ప్రసార సంస్థ డి.ఆర్. నిర్మించిన రాజకీయ ధారావాహిక ‘బోర్గెన్’ మొదటి రెండు సీజన్ల రచనలోనూ పాలుపంచుకున్నాడు. మొదటి పేజీ రాసిన నాటి నుంచి ఆస్కార్ నామినేషన్ దాకా ఇంత తక్కువ వ్యవధిలో, ఇంత పొదుపైన పనితో వచ్చిన దర్శకులు ఐరోపాలో తక్కువ. ఈ వ్యాసం ప్రధానంగా ఆ ఎనిమిదేళ్ల గురించే.

చదువు, నేపథ్యం

డెన్మార్క్ జనాభా ఆ రోజుల్లో సుమారు 55 లక్షలు. మన పెద్ద నగరాల్లో ఒకదానికి సరిపోయే జనం. అంత చిన్న భాషా సమాజంలో సినిమా బతికి బట్టకట్టడానికి ప్రధాన ఆధారం ప్రభుత్వ సహాయం, దానితోపాటు 1966లో మొదలైన చలనచిత్ర పాఠశాల. లార్స్ ఫాన్ ట్రియర్, సుసానె బియర్, థామస్ వింటర్‌బెర్గ్ ముగ్గురూ అక్కడ చదివినవాళ్లే. ఆ పాఠశాలలో రచయితలకు విడిగా ఒక విభాగం ఉంది. దాన్ని చాలాకాలం నడిపిన మోగెన్స్ రూకోవ్ వింటర్‌బెర్గ్‌తో కలిసి ‘ఫెస్టెన్’ (1998) రాసినవాడు. పుట్టినరోజు విందు, పెళ్లి, అంత్యక్రియలు లాంటి సందర్భాల్లో ఏది ముందు జరుగుతుందో, ఏది తర్వాత జరుగుతుందో ప్రేక్షకుడికి చెప్పనక్కర్లేదు. ఆ తెలిసిన క్రమాన్ని పునాదిగా వేసుకుని, దాని మీద కథను పగలగొట్టమనేది రూకోవ్ బోధన. ‘ఫెస్టెన్’లో తండ్రి అరవయ్యో పుట్టినరోజు విందు మధ్యలో కొడుకు లేచి తండ్రి మీద చేసిన లైంగిక వేధింపు ఆరోపణ ఈ పాఠానికి అందరూ చూపించే ఉదాహరణ.

లిండ్‌హోల్మ్ పాఠశాలలో ఉన్న నాటికి డాగ్మా ఉద్యమం సద్దుమణిగింది. 1995లో ట్రియర్, వింటర్‌బెర్గ్ ప్రకటించిన ఆ పది నియమాలు (కెమెరా చేత్తోనే పట్టుకోవాలి, సెట్లు వేయకూడదు, విడిగా సంగీతం కలపకూడదు వగైరా) అప్పటికి చరిత్ర పాఠం. కానీ దర్శకుడు తన చేతులు తానే కట్టేసుకుని పని మొదలుపెట్టాలన్న అలవాటు మాత్రం డేనిష్ సినిమాలో మిగిలింది. లిండ్‌హోల్మ్ దాన్ని తీసుకుని దిశ మార్చాడు. డాగ్మా కెమెరాకూ లైట్లకూ షరతులు పెట్టింది. ఇతను కథకు షరతు పెట్టాడు: నిజంగా జరగడానికి వీల్లేనిది, ఆ పని చేసిన మనుషులు ‘ఇలా ఉండదు’ అన్నది తెరమీదికి రాకూడదు. వినడానికి ఇది వాస్తవికతా వాదుల పాత పాటే. తేడా ఎక్కడుందంటే, ఆ షరతు వల్ల కథ నుంచి ఏం తీసేయాల్సి వస్తుందో అతను నిజాయితీగా లెక్కచూసుకున్నాడు.

2010: ఒకే ఏడాది మూడు పనులు

పాఠశాల ముగిసిన మూడో ఏడు అతని పేరు ఒకేసారి మూడుచోట్ల కనిపించింది. మొదటిది ‘సబ్‌మరీనో’. యోనాస్ టి. బెంగ్‌ట్‌సన్ నవల ఆధారంగా వింటర్‌బెర్గ్‌తో కలిసి స్క్రీన్‌ప్లే రాశాడు. ‘ఫెస్టెన్’ తర్వాత వరసగా దెబ్బతిన్న వింటర్‌బెర్గ్‌కు అది మళ్లీ నిలదొక్కుకునే ప్రయత్నం. తాగుబోతు తల్లి ఇంట్లో పసితమ్ముడి చావు చూసిన ఇద్దరు అన్నదమ్ములు పెద్దయ్యాక ఏమయ్యారన్నది కథ. సినిమా ముందు ఒక సోదరుణ్ని అనుసరించి, అతన్ని వదిలేసి రెండోవాడి దగ్గరికి వెళ్తుంది. కాలం కొంత వెనక్కి మళ్లి, ఇద్దరి దారులూ ఒకచోట కలుస్తాయి. బెర్లిన్ ఉత్సవంలో పోటీ విభాగంలో ఆడిన ఈ సినిమా ఆ ఏడాది నార్డిక్ మండలి చలనచిత్ర బహుమతి గెలుచుకుంది. ఆ బహుమతిని దర్శకుడికీ రచయితకూ నిర్మాతకూ కలిపి ఇస్తారు. రచయిత పేరు పోస్టరు అడుగున కనీకనిపించకుండా వేసే ఆచారానికి అలవాటుపడిన పాఠకులకు ఇది గుర్తుపెట్టుకోదగ్గ సంగతి.

రెండోది ‘ఆర్’, దర్శకుడిగా అతని మొదటి సినిమా. మూడోది ఆ సెప్టెంబరులో ప్రసారం మొదలైన ‘బోర్గెన్’.

‘ఆర్’

మైకేల్ నోయర్ అదే పాఠశాలలో డాక్యుమెంటరీ విభాగం నుంచి వచ్చినవాడు. కోపెన్‌హాగన్ యువకుల మీద, మోపెడ్ కుర్రాళ్ల మీద డాక్యుమెంటరీలు తీసి ఉన్నాడు. కథలు రాసేవాడూ, ఉన్నదున్నట్టు చిత్రించేవాడూ కలిసి జైలు సినిమా తీయాలనుకున్నారు. యట్లాండ్ ప్రాంతంలోని హోర్సెన్స్ జైలు 1853లో కట్టినది. 2006లో దాన్ని మూసేశారు. ఖాళీ అయిన ఆ జైల్లోనే షూటింగ్ జరిపారు. పాత్రల్లో చాలావాటికి మాజీ ఖైదీలను, మాజీ వార్డర్లను తీసుకున్నారు. ప్రధాన పాత్రకు మాత్రం నటన చదువుకున్న పిలూ ఆస్బెక్‌ను ఎంచుకున్నారు. నటుడొక్కడే కొత్తవాడు, చుట్టూ ఉన్నవాళ్లందరికీ ఆ నేల తెలుసు. కొత్త ఖైదీ రూనె పరిస్థితి కూడా అదే.

కథ చిన్నది. గొడవలో ఒకణ్ని పొడిచి శిక్షపడ్డ రూనె జైల్లోకి రాగానే బలవంతుల గుంపు అతన్ని తమ పనివాడిగా మార్చుకుంటుంది. గదులు ఊడవాలి, చెప్పినవాణ్ని కొట్టాలి. డేనిష్ ఖైదీలను ఒక వార్డులోనూ ముస్లిం వలస కుటుంబాల కుర్రాళ్లను ఇంకో వార్డులోనూ ఉంచే ఆ జైలులో ఇద్దరూ కలిసే చోటు వంటగది. అక్కడ రషీద్ అనే కుర్రాడితో పరిచయమై, పై వార్డు నుంచి కింది వార్డుకు మరుగుదొడ్డి గొట్టంలోంచి మాదకద్రవ్యాలు పంపే ఉపాయం కనిపెడతారు. పిల్లల చాక్లెట్ గుడ్డులో బొమ్మ పెట్టే ప్లాస్టిక్ డబ్బీ వాళ్లకు పనికొచ్చిన సాధనం. ఆ ఉపాయం వల్ల రూనె కొంతకాలం తల ఎత్తుకు తిరుగుతాడు. ఆ తర్వాత సినిమా చాలామంది ప్రేక్షకులు క్షమించలేని పని చేస్తుంది. కథానాయకుడనుకున్న రూనెను మధ్యదారిలోనే చంపేసి, కెమెరాను రషీద్ వెంట పంపుతుంది. ఇద్దరి పేర్ల మొదటి అక్షరమూ ఒకటేనన్న సంగతి అప్పుడు గుర్తొస్తుంది.

ఏడాది ముందే ఫ్రాన్స్ నుంచి ఝాక్ ఓడియార్ తీసిన జైలు సినిమా ‘ఎ ప్రాఫెట్’ వచ్చింది కాబట్టి విమర్శకులు రెంటినీ పక్కపక్కన పెట్టారు. ఓడియార్ నాయకుడు జైల్లో చదువుకుంటాడు, ఎదుగుతాడు, రాజ్యం కడతాడు. లిండ్‌హోల్మ్, నోయర్‌ల జైల్లో ఎవరూ ఎదగరు. తెలివి ఉపయోగపడేది ఒకటి రెండు వారాలకే. ఆ తెలివే చివరికి చావు తెస్తుంది. ‘ఎ ప్రాఫెట్’ గొప్ప సినిమానే, కానీ జైలు గురించి ఏది నిజానికి దగ్గరగా ఉందని అడిగితే ‘ఆర్’ పేరే చెప్పాలి. 2011లో డెన్మార్క్ చలనచిత్ర అకాడమీ ఇచ్చే రాబర్ట్ పురస్కారాల్లో ఉత్తమ డేనిష్ చిత్రంగా ఇదే నిలిచింది.

ఈ సినిమాతో ఇంకో మేలు జరిగింది. జైలుశిక్షలు అనుభవించి వచ్చిన రోలాండ్ మోలర్‌ను మొదట జైలు సంగతులు చెప్పడానికి పిలిచి, తర్వాత పాత్ర ఇచ్చారు. ఆయన పూర్తిస్థాయి నటుడయ్యాడు. లిండ్‌హోల్మ్ తర్వాతి సినిమాలో ఓడ ఇంజనీరుగా, అటుపై మార్టిన్ సాన్‌ఫ్లీట్ తీసిన ‘ల్యాండ్ ఆఫ్ మైన్’ (2015)లో ప్రధాన పాత్రధారిగా కనిపించేది ఆయనే.

‘బోర్గెన్’ గది

జైలు సినిమా రాసిన చేత్తోనే ప్రధానమంత్రి ఇంటి కథ రాయడం వింతగా తోచవచ్చు. డి.ఆర్. నాటక విభాగంలో ఒక పద్ధతి ఉంది. ధారావాహిక మొత్తానికి ప్రధాన రచయిత ఒక్కరే ఉంటారు, తుదిమాట ఆయనదే. ఆయన దగ్గర ఇద్దరు ముగ్గురు సహరచయితలు కూర్చుని ఒక్కో ఎపిసోడ్ నిర్మాణాన్ని పట్టుబట్టి అల్లుతారు. ‘బోర్గెన్’కు ఆ ప్రధాన రచయిత ఆడమ్ ప్రైస్. లిండ్‌హోల్మ్, జెప్పె యెర్విగ్ గ్రామ్ సహరచయితలు. సీజన్‌కు పది చొప్పున మొదటి రెండు సీజన్లలో ఇరవై ఎపిసోడ్లు.

ఎన్నికల్లో ఎవరికీ మెజారిటీ రాక, మధ్యేవాద పార్టీ నాయకురాలు బిర్గిట్టె న్యుబోర్ ప్రధాని కావడంతో మొదలయ్యే ఈ కథ సంకీర్ణ ప్రభుత్వాల గురించి. ఎవరికి ఏ శాఖ ఇస్తే ఎవరు అలుగుతారు, బిల్లుకు ఓటేయడానికి చిన్న పార్టీ ఏం కోరుతుంది, ఇంట్లో భర్తకిచ్చిన మాట ఎన్నో వారానికి తప్పుతుంది. తుపాకీ పేలదు. బేరమే యుద్ధం. ఇలాంటి బేరాల సన్నివేశాలు వారం వారం రాసిన అనుభవం రెండేళ్లకే ఒక ఓడ కథలో అక్కరకొచ్చిందని అనుకోవడానికి తగినంత ఆధారం ఆ సినిమాలోనే ఉంది. ధారావాహిక మొదలైన ఏడాదికి, 2011 అక్టోబరులో, హెల్లె థోర్నింగ్-ష్మిట్ డెన్మార్క్ మొదటి మహిళా ప్రధాని అయింది. కల్పన ముందు నడిచి వాస్తవం వెనక వచ్చిన అరుదైన సందర్భమిది. 2012లో బ్రిటిష్ అకాడమీ ‘బోర్గెన్’ను ఉత్తమ అంతర్జాతీయ కార్యక్రమంగా ఎంపిక చేసింది.

‘ఆర్’లో చచ్చిపోయిన పిలూ ఆస్బెక్ ఇందులో ప్రధాని మీడియా సలహాదారు. వార్తా విభాగాధిపతిగా వేసినవాడు సోరెన్ మాలింగ్. ఈ ఇద్దరి ముఖాలూ లిండ్‌హోల్మ్ తర్వాతి పనిలో చాలామటుకు కనిపిస్తాయి.

‘ది హంట్’

వింటర్‌బెర్గ్‌తో రెండో సినిమా. ‘ఫెస్టెన్’ విడుదలయ్యాక ఒక మనస్తత్వ నిపుణుడు పిల్లల జ్ఞాపకాలకూ ఊహలకూ సంబంధించిన కాగితాల కట్టొకటి వింటర్‌బెర్గ్ చేతికిచ్చాడనీ, ఆయన ఏళ్లకేళ్లు దాన్ని తెరవలేదనీ ఆయనే చెప్పిన కథ. చివరికి తెరిచాక లిండ్‌హోల్మ్‌ను పిలిచాడు.

శిశువిద్యాలయంలో పనిచేసే లూకస్ మీద, అతని ప్రాణస్నేహితుడి కూతురు అలకతో అన్న మాట లైంగిక వేధింపు ఆరోపణగా మారుతుంది. ఊరంతా ఒక్కటవుతుంది. ‘ఫెస్టెన్’లో ఆరోపణ నిజం, ఊరుకున్నవాళ్లు దోషులు. ఇక్కడ ఆరోపణ అబద్ధం, ఊరుకోనివాళ్లు దోషులు. రచనలో మెచ్చుకోవలసింది ఒకటుంది. లూకస్ నిర్దోషి అన్న సంగతి ప్రేక్షకుడికి మొదటి నుంచీ తెలుసు. చేశాడా, లేదా అన్న సందేహాన్ని చివరిదాకా సాగదీసి ఉంటే టికెట్లు ఇంకాస్త అమ్ముడయ్యేవేమో. ఆ సులువైన ఉత్కంఠను ముందే చంపేయడంతో చూపు ఊరి మీదికి మళ్లింది. పిల్ల చెడ్డది కాదు, ప్రధానోపాధ్యాయురాలు చెడ్డది కాదు, తండ్రి చెడ్డవాడు కాదు. ఎవరి పని వాళ్లు సక్రమంగానే చేస్తూ ఒకణ్ని వెలివేస్తారు.

2012 కాన్ ఉత్సవంలో మాడ్స్ మికెల్‌సెన్‌కు ఉత్తమ నటుడి పురస్కారం దక్కింది. ఆ ఏడాది యూరోపియన్ ఫిల్మ్ అవార్డుల్లో ఉత్తమ రచన వింటర్‌బెర్గ్, లిండ్‌హోల్మ్‌లది. తర్వాత నార్డిక్ మండలి బహుమతి (2013), ఆస్కార్‌కు ఉత్తమ విదేశీ భాషా చిత్రం నామినేషన్ వరసగా వచ్చాయి.

‘ఎ హైజాకింగ్’

సొంతంగా రాసి, ఒంటరిగా దర్శకత్వం వహించిన మొదటి సినిమా. 2012 సెప్టెంబరులో వెనిస్ ఉత్సవంలో ఒరిజొంటి విభాగంలో ప్రదర్శించారు. ఈ తొలి దశలో పెద్దపీట వేయాల్సింది దీనికే.

కథకు మూలం డెన్మార్క్ పత్రికల్లో నిత్యం కనిపించిన వార్తలు. 2007 జూన్‌లో ‘డానికా వైట్’ అనే డేనిష్ ఓడను సోమాలియా తీరంలో దొంగలు పట్టుకున్నారు. ఐదుగురు డేనిష్ నావికులు 83 రోజులు బందీలుగా ఉన్నారు. 2008 నవంబరులో క్లిప్పర్ సంస్థ నడిపే ‘సి.ఇ.సి. ఫ్యూచర్’ పట్టుబడింది. అప్పటికి ఏడెన్ సింధుశాఖలో ఓడల అపహరణ ఒక వ్యాపారంగా మారింది. దానికి ధరలున్నాయి, మధ్యవర్తులున్నారు, ఆలస్యం చేస్తే లాభమా నష్టమా అన్న లెక్కలున్నాయి. సముద్రపు దొంగతనం గురించి సినిమా తీయబోయే ఎవరికైనా మొదట తట్టే దృశ్యం వేగంగా దూసుకొచ్చే పడవలు, నిచ్చెనలు, తుపాకులు. లిండ్‌హోల్మ్ సినిమాలో ఆ దృశ్యం లేదు. ముంబయి వైపు వెళ్తున్న ‘రోజెన్’ అనే ఓడలో వంటవాడు మికెల్ ఇంటికి ఫోన్ చేసి భార్యతో మాట్లాడతాడు. ఆ తర్వాత కోపెన్‌హాగన్‌లోని కంపెనీ కార్యాలయంలో, ఓడ దొంగల పాలైందన్న కబురు అధిపతి పీటర్ లుడ్విగ్‌సెన్‌కు అందుతుంది. మధ్యలో జరిగినది మనం చూడం. సినిమా పేరులో ఉన్న సంఘటన సినిమాలో లేదు.

మిగిలినవి రెండు గదులు. ఒకటి ఓడ లోపల ఉక్కపోత, మలమూత్రాల వాసన, ఒక మూలన కుక్కిన మనుషులు. రెండోది తెల్లటి గోడలు, పొడవాటి బల్ల, గోడకు అతికించిన కాగితాల మీద అంకెలు. రెంటినీ కలిపేది ఫోను. దొంగల తొలి కోరిక కోటీ యాభై లక్షల డాలర్లు. కంపెనీ తొలి జవాబు రెండున్నర లక్షలు. అంత తక్కువెందుకంటే, అడిగినంతా ఇస్తే ఇంకా ఉందేమో అనుకుంటారు, బేరం మొదటికొస్తుంది. సలహా కోసం వచ్చిన నిపుణుడు ఈ సూత్రాన్ని పీటర్‌కు ప్రశాంతంగా చెబుతాడు. ఓడలో ఉన్నవాడికి ఆ సూత్రం తెలియదు. కంపెనీకి తన ప్రాణం విలువ రెండున్నర లక్షలేనని వాడికి అర్థమవుతుంది.

సినిమా ఆరంభంలోనే పీటర్ జపాన్ వ్యాపారులతో బేరమాడి, వాళ్లను తనకు కావలసిన ధరకు దించుతాడు. తన కింది ఉద్యోగి చేయలేని పనిని క్షణాల్లో ముగిస్తాడు. అందుకే బయటి మనిషికి బేరం అప్పగించమని నిపుణుడు చెప్పినా వినడు. నా మనుషులు, నేనే మాట్లాడతానంటాడు. అహంకారమూ బాధ్యతా ఒకే వాక్యంలో ఇంత కలిసిపోయిన పాత్రలు అరుదు. వారాలు గడిచేకొద్దీ చొక్కా నలుగుతుంది, భార్య మీద విసుక్కుంటాడు, కార్యాలయంలోనే పడుకుంటాడు. ఒకసారి నిగ్రహం తప్పి ఫోనులో అరుస్తాడు. అవతల తుపాకీ పేలిన చప్పుడు, ఆపై లైను తెగిపోతుంది. ఎవరు చచ్చారో, అసలు ఎవరైనా చచ్చారో తెలియదు. కెమెరా గదిలోనే ఉండిపోతుంది కాబట్టి మనకూ తెలియదు.

తయారీలో పెట్టుకున్న షరతులు ఇక్కడ కథకు నేరుగా సాయపడ్డాయి. షూటింగ్ కెన్యా తీరానికి దగ్గర్లో హిందూ మహాసముద్రంలో, ‘రోజెన్’ అనే అసలు ఓడ మీద జరిగింది. ఆ ఓడ 2007లో నిజంగానే సోమాలీ దొంగల చేతికి చిక్కినది. నిపుణుడి పాత్రలో కనిపించే గారీ స్కోల్డ్‌మోసె పోర్టర్ నటుడు కాడు, నౌకల భద్రతారంగంలో ఇలాంటి బేరాలు దగ్గరగా చూసినవాడు. ఫోను సంభాషణలను స్టూడియోలో విడివిడిగా కాకుండా నిజమైన లైను మీదే జరిపారు. మాటకూ మాటకూ మధ్య ఆ ఆలస్యం, తన గొంతే తనకు తిరిగి వినిపించే ఇబ్బంది ఎవరూ నటించి తెచ్చినవి కావు. సోమాలీ మాటలకు సబ్‌టైటిళ్లు వేయలేదు. వంటవాడికి అర్థం కానిది ప్రేక్షకుడికి మాత్రం ఎందుకు అర్థం కావాలి? దొంగల తరఫున మాట్లాడే ఒమర్ తాను దొంగను కాననీ, దుబాసీగా వచ్చానని పదేపదే చెప్పుకుంటాడు. అబ్దిహాకిన్ అస్గర్ పోషించిన ఈ పాత్రను నమ్మాలో వద్దో సినిమా తేల్చదు.

అన్ని రోజుల్లో ఒక్కసారి ఓడలో సంతోషం పుడుతుంది. గాలం వేసి పెద్ద చేపను పట్టినప్పుడు దొంగలూ బందీలూ కలిసి తింటారు, తాగుతారు, పాట పాడుకుంటారు. మనసు కాస్త తేలికపడేలోగా తుపాకీ మళ్లీ వీపుకు తగులుతుంది. ఇలాంటి చోట సంగీతంతో గుండె పిండే వీలుంది. హిల్దుర్ గుద్నాదొత్తిర్ (తర్వాతి కాలంలో ‘జోకర్’ సినిమాకు ఆస్కార్ అందుకున్న ఐస్‌లాండ్ సంగీతకర్త) చాలా కొద్దిచోట్ల, చాలా లోగొంతుతో మాత్రమే వినిపిస్తుంది.

ఏడాది తర్వాత హాలీవుడ్ నుంచి ‘కెప్టెన్ ఫిలిప్స్’ వచ్చింది. అది డెన్మార్క్‌కే చెందిన మెర్స్క్ సంస్థ అమెరికా శాఖ ఓడ కథ. అక్కడ నావికాదళం వస్తుంది, గురిచూసి కాలుస్తుంది, ఐదు రోజుల్లో ముగుస్తుంది. లిండ్‌హోల్మ్ కథలో ఎవరూ రారు. సోమాలీ దొంగల చేతిలో చిక్కిన ఎక్కువమంది అనుభవం ఈ రెండోదే. వాళ్లలో భారతీయులు చాలామంది ఉన్నారు. 2010 సెప్టెంబరులో పట్టుబడ్డ ‘ఆస్ఫాల్ట్ వెంచర్’ విషయంలో సొమ్ము ముట్టాక కూడా ఏడుగురు భారత నావికులను దొంగలు వదల్లేదు. వాళ్లు 2014లో గానీ బయటపడలేదు. ఆ కుటుంబాలు ఎదురుచూసిన గదులు తెర మీద ఎలా ఉంటాయో చూడాలంటే ఈ సినిమాయే చూడాలి.

2013 రాబర్ట్ పురస్కారాల్లో ‘ఎ హైజాకింగ్’ ఉత్తమ డేనిష్ చిత్రం. పీటర్‌గా వేసిన మాలింగ్ ఉత్తమ నటుడు.

‘ఎ వార్’

డేనిష్ సేనలు 2006 నుంచి అఫ్ఘానిస్థాన్‌లోని హెల్మండ్ రాష్ట్రంలో బ్రిటిష్ వాళ్లతో కలిసి పోరాడాయి. ఆ దేశంలో నలభైమందికి పైగా డేనిష్ సైనికులు చనిపోయారు. జనాభాతో పోల్చిచూస్తే అది పెద్ద సంఖ్య. ఒక అధికారి పత్రికలో చెప్పిన మాట లిండ్‌హోల్మ్‌కు కథ ఇచ్చింది. అక్కడ చచ్చిపోతానన్న భయం కన్నా, ఇంటికొచ్చాక తనమీద కేసు పెడతారన్న భయమే ఎక్కువన్నది ఆ మాట సారాంశం.

కంపెనీ కమాండర్ క్లాస్ పెడెర్‌సెన్ (మళ్లీ పిలూ ఆస్బెక్) మందుపాతరకు ఒక కుర్రాణ్ని పోగొట్టుకున్నాక, సైనికుల ధైర్యం నిలపడానికి తానే గస్తీలకు వెళ్లడం మొదలుపెడతాడు. ఆశ్రయం అడిగిన అఫ్ఘాన్ కుటుంబాన్ని, పొద్దున్నే వస్తామని చెప్పి వెనక్కి పంపుతాడు. పొద్దున్న వెళ్లేసరికి అందరూ శవాలు. ఆపైన కాల్పుల్లో చిక్కుకుని, ఒక సైనికుడు ప్రాణాపాయంలో ఉండగా, శత్రువు ఫలానా ఇంట్లో ఉన్నాడని నిర్ధారించుకోకుండానే దానిమీద బాంబు వేయిస్తాడు. తన సైనికుడు బతుకుతాడు. ఆ ఇంట్లో పిల్లలతో సహా పదకొండుమంది పౌరులు చనిపోతారు. అక్కడితో సగం. మిగతా సగం కోపెన్‌హాగన్ కోర్టులో.

అఫ్ఘానిస్థాన్ భాగాన్ని టర్కీలో తీశారు. సైనికులుగా వేసినవాళ్లలో చాలామంది హెల్మండ్‌లో పనిచేసి వచ్చినవాళ్లు, గ్రామస్థులుగా వేసినవాళ్లలో చాలామంది అఫ్ఘాన్ శరణార్థులు. ఈ రెండు గుంపులూ ఒకే మట్టి మీద నిలబడి మాట్లాడుకునే సన్నివేశాలకు నటనాబోధన అక్కర్లేకపోయింది.

కోర్టు భాగం గురించి అభిప్రాయభేదాలున్నాయి. వాదోపవాదాల్లో వేడి లేదనీ, మొదటి సగం ఊపు చల్లారిందనీ కొందరన్నారు. ఆ చల్లదనం లేకపోతే సినిమా లేదు. ప్రశ్న ఒక్కటే: బాంబు వేయమన్నప్పుడు ఆ ఇంట్లో శత్రువు ఉన్నాడని నీకు తెలుసా, తెలియదా? తెలియదని క్లాస్‌కు తెలుసు, మనకు తెలుసు. నిజం చెబితే నాలుగేళ్లు జైలు, ముగ్గురు పిల్లలు తండ్రిలేకుండా పెరుగుతారు. భార్య మరియా (టూవా నొవోట్నీ) అతనితో చచ్చిపోయిన పిల్లల గురించి కాదు, బతికున్న పిల్లల గురించి ఆలోచించమంటుంది. చివరికి ఒక సహచరుడు తాను తుపాకీ మంట చూశానని అబద్ధం చెప్పి అతన్ని గట్టెక్కిస్తాడు. అతను విడుదలైతే బాగుండునని కోరుకున్నామన్న సంగతి అప్పుడు తెలుస్తుంది. మనల్ని ఆ కోరికలోకి దించడం కోసమే గంటన్నరగా మరియా వంటింటిలో, పిల్లల మంచాల దగ్గర అంత సేపు కూర్చోబెట్టాడు దర్శకుడు.

2016లో ఆస్కార్ ఉత్తమ విదేశీ భాషా చిత్రం చివరి ఐదింటిలో ‘ఎ వార్’ నిలిచింది. గెలిచింది హంగేరీ సినిమా ‘సన్ ఆఫ్ సాల్’.

నిర్మాణం, బృందం, అభ్యంతరాలు

‘సబ్‌మరీనో’లో ఇద్దరు అన్నదమ్ములు, ‘ఆర్’లో ఇద్దరు ఖైదీలు, తర్వాత ఓడ-కార్యాలయం, చివరికి యుద్ధభూమి-కోర్టు. కథను రెండుగా చీల్చి, ఒక సగానికి తెలిసినది రెండో సగానికి తెలియకుండా చూడటం లిండ్‌హోల్మ్ తొలి రచనల్లో అతి స్పష్టమైన ముద్ర. స్పష్టమైన చెడ్డవాడు ఒక్కడూ ఉండడు. నియమాలు ఉంటాయి, వాటి ప్రకారం నడిచే మంచివాళ్లు ఉంటారు, ఎవరో ఒకరు నలిగిపోతారు.

ఈ మూడు సినిమాల వెనకా దాదాపు ఒకే జట్టు ఉంది. ఛాయాగ్రాహకుడు మాగ్నుస్ నోర్డెన్‌హోఫ్ యోంక్, ఎడిటర్ ఆడమ్ నీల్సెన్, నార్డిస్క్ ఫిల్మ్ సంస్థ నిర్మాతలు రెనె ఎజ్రా, టోమాస్ రడూర్. ‘ఆర్’లో రషీద్‌గా వేసిన దుల్ఫీ అల్-జబూరీ ‘ఎ వార్’లో ఇల్లు చేరాలని ఏడ్చే సైనికుడు లస్సె. ఓడ కంపెనీ ఉద్యోగిగా వేసిన దార్ సలీం కూడా ఆ సైన్యంలో ఉన్నాడు. నాటక సమాజంలో లాగా పాత్రలు మారుతూ ముఖాలు కొనసాగుతాయి.

అభ్యంతరాలూ ఉన్నాయి, వాటిలో బలమూ ఉంది. సోమాలీ దొంగలు ఎవరు, ఎందుకు ఈ దారి పట్టారన్నది ‘ఎ హైజాకింగ్’ అడగదు. పదకొండుమంది అఫ్ఘాన్ల చావు చివరికి ఒక డేనిష్ మనిషి అంతరాత్మ సమస్యగా మిగులుతుంది. తెలియనివాళ్ల మనసులోకి దూరి మాట్లాడకపోవడం నిజాయితీ అని సమర్థించవచ్చు. కానీ ఆ నిజాయితీ వరసగా రెండు సినిమాల్లోనూ తెల్లవాళ్లకే పూర్తి పాత్రలిచ్చిందన్న మాట కొట్టిపారేయదగ్గది కాదు. ‘ఆర్’లో రషీద్‌కు సగం సినిమా ఇచ్చిన దర్శకుడే ఇతను కాబట్టి అడిగే హక్కు ప్రేక్షకుడికి ఉంది. స్త్రీ పాత్రల విషయంలో మరియా వచ్చేదాకా అతని సొంత సినిమాల్లో చెప్పుకోదగ్గది లేదు. ‘బోర్గెన్’ రాసిన మనిషి విషయంలో ఇది ఆశ్చర్యమే.

2015 తర్వాత

2015లోనే డెన్మార్క్ మీద జర్మన్ దాడి గురించి అతను రాసిన ‘9. ఏప్రిల్’ రోని ఎజ్రా దర్శకత్వంలో విడుదలైంది. వింటర్‌బెర్గ్‌తో ‘ది కమ్యూన్’ (2016), ‘అనదర్ రౌండ్’ (2020) రాశాడు. రెండోది 2021లో ఉత్తమ అంతర్జాతీయ చిత్రంగా ఆస్కార్ గెలిచింది. డేవిడ్ ఫించర్ నిర్మించిన ‘మైండ్‌హంటర్’ మొదటి సీజన్‌లో (2017) రెండు ఎపిసోడ్లకు దర్శకత్వం వహించాడు. స్వీడన్ విలేకరి కిమ్ వాల్ హత్య మీద ఆరు ఎపిసోడ్ల ‘ది ఇన్వెస్టిగేషన్’ (2020) రాసి తీసినప్పుడు హంతకుణ్ని తెర మీద చూపించలేదు, అతని పేరు కూడా పలికించలేదు. పరిశోధనాధికారిగా సోరెన్ మాలింగ్, ప్రాసిక్యూటర్‌గా పిలూ ఆస్బెక్ నటించారు. జెస్సికా ఛాస్టెయిన్, ఎడ్డీ రెడ్‌మేన్‌లతో ఇంగ్లిష్‌లో తీసిన ‘ది గుడ్ నర్స్’ (2022)కు స్క్రీన్‌ప్లే క్రిస్టీ విల్సన్-కెయిర్న్స్‌ది. ఇతరులు రాసిన కథతో అతను తీసిన మొదటి చలనచిత్రం అది.